కాకికి పెట్టని ముద్ద

పుదుచ్చేరి నెల్లితోపులో మా ఇంటి హాల్లో రెండు గోడలకు ఫొటోలు ఉంటాయి. దక్షిణం గోడ మీద పోయినవాళ్ళు: మా ముత్తవ్వ, తాత, అవ్వ, నాన్న, అమ్మ. అందరికీ చందనం దండలు. ఎదురుగా ఉత్తరం గోడ మీద ఒకే ఒక్క ఫొటో, దండ లేకుండా. ఫ్రెంచి సిపాయి బట్టల్లో ఒక పడుచువాడు, టోపీ పెద్దదై చెవుల దాకా దిగింది. ఆయన మా తాత తమ్ముడు.

ఈ ఊరు ఫ్రెంచివాళ్ళ చేతుల్లో ఉన్న కాలంలో ఆయన వాళ్ళ పటాలంలో చేరి, ఓడెక్కి వియత్నాంలో సైగోన్ యుద్ధానికి పోయాడు. చచ్చిపోయాడని కాగితం రాలేదు, బతికి ఉన్నాడని కబురూ రాలేదు. అక్కడ యుద్ధం ముగిసిన ఏడాదే ఫ్రెంచివాళ్ళు ఈ ఊరు కూడా వదిలి పోయారు. ఆ తర్వాత మా తాత ఎన్ని ఆఫీసులు తిరిగినా పాతవాళ్ళు లేరు, కొత్తవాళ్ళకు సంగతి తెలియదు.

ఆయన భార్యను మేము చిన్నవ్వ అంటాం. పెళ్ళినాటికి పావడా కట్టుకునే వయసు. కాపురం అలవాటు కాకముందే మొగుడు ఓడెక్కాడు. ఆయన ఎలాంటి మనిషి అవ్వా అని చిన్నప్పుడు మేం ఎన్నిసార్లు అడిగినా ఆమె జవాబు చెప్పేది కాదు. చెప్పడానికి ఏమీ లేదనుకునేదాన్ని నేను.

మా వాళ్ళలో ఒక ఆనవాయితీ ఉంది. ఊరు విడిచి పోయిన మనిషి కబురు పన్నెండేళ్ళ పాటు తెలియకపోతే, దర్భలతో మనిషి బొమ్మ చేసి దహనం చేస్తారు, కర్మ చేస్తారు. ఆ గడువు వచ్చినప్పుడు మా ముత్తవ్వ వాకిట్లో అడ్డంగా కూర్చుందట. నా కొడుకును నా చేతనే చంపిస్తారా అని పురోహితుణ్ణి తరిమేసిందట. ఆమె బతికి ఉన్నన్నాళ్ళూ ఎవరూ ఆ మాట ఎత్తలేదు. ఆమె పోయాక మా తాతకు ధైర్యం చాల్లేదు. తాత పోయాక ఆ సంగతి అడగాలన్న ఊసే ఇంట్లో లేకుండా పోయింది.

నలిగిపోయింది చిన్నవ్వ. మెడలో తాళి, నుదుట బొట్టు అలాగే ఉన్నాయి. కానీ పెళ్ళిళ్ళలో తాళిని పళ్ళెంలో పెట్టి ముత్తైదువలకు తాకిస్తూ వస్తారు చూడండి, ఆ పళ్ళెం ఈమె దగ్గరికి వచ్చేసరికి పట్టుకున్నవాళ్ళకు ఏదో గుర్తొచ్చి పక్కకు తిరిగిపోయేవారు. నా కళ్ళతో చూశాను. ఆమె అప్పుడు చెయ్యి ముందుకు చాచేది కాదు, వెనక్కి తీసుకునేది కాదు. ఒళ్ళో పెట్టుకుని కూర్చునేది. ఆ పళ్ళెం పట్టుకున్నవాళ్ళ చెంప పగలగొట్టాలని నాకు అనిపించేది, ఇప్పటికీ అనిపిస్తుంది.

ఇంకొందరు ఓదార్పుగా అనేవాళ్ళు, ఆయనకు అక్కడే వేరే సంసారం ఉండి ఉంటుందని. సైగోన్ నుంచి అక్కడి ఆడవాళ్ళను పెళ్ళి చేసుకుని వచ్చినవాళ్ళు ఈ ఊళ్ళో ఉన్నారు మరి. దానికి చిన్నవ్వ, "ఉంటే ఉండనీ. అన్నం పెట్టే మనిషి ఉండాది గదా" అనేది. ఆ మాటలో ఎత్తిపొడుపు వెతికేదాన్ని నేను. ఎత్తిపొడుపు లేదు.

మా వైపు ఇళ్ళల్లో పొద్దున వండిన అన్నంలో మొదటి ముద్ద గోడ మీద పెట్టి కాకిని పిలిచాకే మనుషులు తింటారు. పోయినవాళ్ళు కాకులై వచ్చి తింటారని నమ్మకం. మా ఇంట్లో అవ్వ పెట్టేది, తర్వాత అమ్మ పెట్టేది, అమ్మ పోయాక నేను. చిన్నవ్వ మాత్రం ఎప్పుడూ పెట్టలేదు. నాకు జ్వరమొచ్చిన రోజు కూడా గోడ ఖాళీగా ఉండేది. అదే కాకి వాకిట్లో అరిస్తే మాత్రం చేతిలో పని వదిలేసి గేటు దాకా పోయి వీధి అటూ ఇటూ చూసి వచ్చేది. కాకి అరిస్తే చుట్టాలొస్తారు అంటారు కదా. ఆమెకు కాకి అంటే ఇష్టమో కోపమో చాలా ఏళ్ళ వరకు నాకు అర్థం కాలేదు.

ఇక నేను రాసిన పుస్తకం సంగతి. మా తమ్ముడు సేదరపేట్‌లో ఒక ఫ్యాక్టరీలో సూపర్‌వైజరు. వాడి కూతురు పదకొండో తరగతి. యుద్ధాలూ, గూఢచారి పిల్లలూ ఉన్న ఇంగ్లీషు నవలలు ఫోన్లో చదువుతూ ఒకసారి, "మన ఊర్లో ఇట్టాటివి ఏమీ జరగవు అత్తా, చుమ్మా, ఊరికే బీచీ, టూరిస్టులూ అంతే" అంది. నాకు రోషం పుట్టుకొచ్చింది. నేను సర్కారు ఆఫీసులో ఫైళ్ళు మోసి రిటైరైనదాన్ని. బడిలో తమిళం, ఫ్రెంచి నేర్చుకుని, నలభై దాటాక ఒకటో తరగతి వాచకం కొనుక్కుని తెలుగు అఆలు దిద్దుకున్నదాన్ని. రాసి చూపిస్తానన్నాను.

తమ్ముడు నవ్వాడు. "మన ఇంట్లో తెలుగు చదివేది నీకొక్కదానికే వచ్చు అక్కా. రాసేదీ నువ్వే, చదివేదీ నువ్వే. కండిప్పగా, తప్పకుండా ఊరంతా పేరొస్తాది" అన్నాడు. వెటకారం మా ఇంటి ఆస్తి, దాన్ని వాడు ఒక్కడే అనుభవిస్తున్నాడు.

కథ ఇది. ఫ్రెంచివాళ్ళు ఊరు వదలకుండా మొండికేసి ఉంటే? సైగోన్ యుద్ధం అక్కడితో ఆగకుండా మన తీరానికి వచ్చి ఉంటే? నా పుదుచ్చేరి చుట్టూ ముళ్ళకంచె, సముద్రంలో తుపాకుల ఓడలు. నెల్లితోపు నుంచి పెద్ద మార్కెట్టుకు పోవాలన్నా నాలుగు చోట్ల సిపాయిలు ఆపుతారు. పూలబుట్ట అడుగున కబుర్లు మోసే పదిహేనేళ్ళ పిల్ల ఒకతె. పిళ్ళైచావడి జాలరిపేటలో తండ్రి వల పట్టుకుని సముద్రంలోకి పోయే కుర్రవాడు ఒకడు. అక్కడ సైగోన్‌లో మన ఊరి సిపాయిలు పైవాళ్ళ మీద తిరగబడి ఒక ఓడ పట్టుకుని ఇంటికి బయల్దేరతారు. పాత దీపస్తంభం వెలిగించడం నిషేధం. దీపం లేకపోతే ఓడకు ఊరు ఎక్కడో తెలియదు. కాబట్టి అమావాస్య నాడు పిల్లలిద్దరూ కాపలా కళ్ళుగప్పి దీపం వెలిగించాలి.

తమ్ముడి కూతురికి తెలుగు చదవడం రాదు గనక రాసిన అధ్యాయం సాయంత్రం హాల్లో కూర్చుని నేనే చదివి వినిపించేదాన్ని. ఆ పిల్ల తేలిగ్గా వదిలే రకం కాదు. "దీపం వెలిగిస్తే శత్రువులకూ కనిపిస్తాది గదా అత్తా" అని ఒక్క ప్రశ్నతో నా మూడు అధ్యాయాలు తిరగరాయించింది. చిన్నవ్వ గుమ్మం దగ్గర ఆకుకూర తుంచుతూ కూర్చునేది. వింటోందని మేం అనుకోలేదు.

ఓడ వచ్చే అధ్యాయంలో నేను ఎవరికీ చెప్పకుండా ఒక పని చేశాను. ఓడ మీద నుంచి నిచ్చెన దిగే సిపాయిల్లో ఒకడికి టోపీ పెద్దదై చెవుల దాకా దిగిందని రాశాను. అంతకుమించి ఆయన గురించి నాకేం తెలుసు గనక. ఆ వాక్యం చదవగానే పిల్ల తలెత్తి ఉత్తరం గోడ వైపు చూసింది. గుమ్మం దగ్గర ఆకు తుంచే చేతులు ఆగిపోయాయి. సంతోషిస్తుందనుకున్నాను. నిజంగా అనుకున్నాను, ఇంటికి రాని మనిషిని ఇంటికి తెచ్చానని.

మర్నాటి నుంచి ఆమె అన్నం తగ్గించింది. పళ్ళెం ముందు కూర్చుని నీళ్ళు తాగి లేచేది. కాకి అరిచినా గేటు దాకా పోవడం లేదు. ఒంట్లో బాగాలేదేమోనని డాక్టరు దగ్గరికి తీసుకుపోతే ఆయన వయసు మాట చెప్పి బలానికి మాత్రలు రాశాడు.

ఒక పొద్దున తల దువ్వుతుంటే తనే మొదలు పెట్టింది.

"ఏమ్మే, నీ కతలో మీ చిన్నతాత ఓడ దిగినాడు గదా. దిగి ఏం చేసినాడు?"

"ఇంకా రాయలేదవ్వా."

"రాయబాక."

"ఎందుకు?"

"వచ్చినాడని నేను దినమూ అనుకుంటానే ఉండాను. వాకిలి తీసే దగ్గరి నుంచి కాళ్ళు కడుక్కునే దాకా. దానికి నీ పుస్తకం యాల? నాకు తెలీంది ఆయన ఎట్టా పోయినాడనేది. అది రాయి."

నాకు ఒళ్ళు మండింది. భయం వేస్తే నాకు ముందు కోపం వస్తుంది. "నేనేం దేవుణ్ణా అవ్వా? అది పిల్లల కథ" అన్నాను.

"ఊరంతా మార్చినావే. యుద్ధాన్నే మార్చినావే. పోయినోళ్ళు పోనట్టు, పోనోళ్ళు పోయినట్టు రాసినావే. ఒక మనిషికి చావు రాసేదానికి చెయ్యి రాదా నీకు?"

దువ్వెన పక్కన పెట్టాను. ఆమె నా వైపు తిరగలేదు. గోడకు చెబుతున్నట్టు చెప్పింది.

"ఉండాడో లేడో తెలీకుండా నేను కాకికి ముద్ద పెడితే, ఉన్న మనిషిని చంపినదాన్నయితాను. పోయుంటే, ఇన్నేళ్ళు పెట్టకుండా ఆయన కడుపు మాడ్చినదాన్నయితాను. మీ ముత్తవ్వ కొడుకును చంపనని కూచునింది. సరి, ఆమె తల్లి. ఆయనకు అన్నం పెట్టాల్సింది నేను గదా. నాకూ పొద్దయిపోతా ఉండాది. నేను పోతే ఆయన పేరు చెప్పి మెతుకు వేసేదానికి ఎవురుండారు?"

ఇలా కాకుండా అలా జరిగి ఉంటే అని నేను సరదాకి కాగితం మీద ఆడుకుంటున్నాను. ఆమె జీవితమంతా ఆ రెండింటి మధ్యే నిలబడి గడిచింది. ఆమెకు కావలసింది ఇంకో దారి కాదు, ఉన్న దారుల్లో ఒకటి మూసెయ్యడం. అది ఎవరూ చెయ్యలేదు. మా ముత్తవ్వ ప్రేమతో చెయ్యలేదు, మా తాత పిరికితనంతో చెయ్యలేదు, మేం పట్టించుకోక చెయ్యలేదు.

రాశాను. తమ్ముడి కూతురు ఒప్పుకోలేదు. "అంత దూరం వచ్చినాక చంపితే ఎట్టా అత్తా, ఇది అన్యాయం" అంది. అవును, అన్యాయమే అన్నాను. కొత్త అధ్యాయంలో సిపాయి దారిలో తగిలిన తూటాతో ఓడ మీద పడుకుని ఉంటాడు. పిళ్ళైచావడి కుర్రవాడు కట్టుమరం తెప్ప మీద ఓడ దగ్గరికి చేరి పైకి ఎక్కేసరికి ఆయన ఊపిరి అందక ఉంటాడు. అప్పుడు దూరాన పూలబుట్ట పిల్ల వెలిగించిన దీపం కనిపిస్తుంది. అది ఏ ఊరని అడుగుతాడు. మన ఊరే అంటాడు కుర్రవాడు. తన మూటలోంచి చద్దన్నం తీసి ముద్ద చేసి ఆయన నోట్లో పెడతాడు. తిని, దీపం వైపు చూస్తూ పోతాడు.

చిన్నవ్వ ఈసారి ఆకుకూర లేకుండా నా ఎదురుగా కూర్చుని వింది. అంతా అయ్యాక అడిగింది.

"అన్నం తిన్నాడని రాసినావా?"

"రాశాను."

"అది కొట్టెయ్యి."

"ఎందుకవ్వా, ఆకలితో పోలేదని..."

"ఓడ ఉండనీ. దీపం ఉండనీ, మన ఊరి దీపం కనిపించినాకే పోయినాడు, సరి. అన్నం మాత్రం కతలో పెట్టొద్దు. అది నేను పెట్టాల."

ఆ వాక్యం ఆమె ముందే కొట్టేశాను. ఆమెకు చదవడం రాకపోయినా గీత పడిందో లేదో వంగి చూసింది.

ఆ తర్వాత పనులు గబగబా జరిగాయి. తమ్ముడు నన్ను ఆశ్చర్యపరిచాడు. చిన్నవ్వకు కర్మ చేయించాలని ఉందని చెబితే నవ్వుతాడేమో, వాదిస్తాడేమో అనుకున్నాను. వాడు చెప్పులు వేసుకుని పురోహితుడి ఇంటికి పోయాడు. ఆయన వచ్చి కూర్చుని, పోయిన తిథి ఏంది అని అడిగాడు. మేం ఒకరి మొహాలు ఒకరం చూసుకున్నాం. చిన్నవ్వ లోపలి నుంచే "అమావాస్య" అంది, చూసినదానిలా. తిథి తెలియనివాళ్ళకు అమావాస్య నాడు చెయ్యడమే పద్ధతి అని ఆయన తల ఊపాడు. అది నా కథలో దీపం కోసం పెట్టుకున్న చీకటి అని నేను చెప్పలేదు.

తాళి మాట వచ్చినప్పుడు మాత్రం నేను గొడవ పెట్టుకున్నాను. తొంభైకి దగ్గర పడిన మనిషిని పట్టుకుని బొట్టు చెరపడం, గాజులు తీయడం ఇంట్లో జరగనివ్వనన్నాను. పురోహితుడు కూడా ఈ వయసులో అవేమీ అక్కర్లేదమ్మా అన్నాడు. చిన్నవ్వ ఎవరితోనూ వాదించలేదు. దహనం రోజు పొద్దున వంటింట్లోకి పోయి తలుపు దగ్గరికి వేసుకుంది. బయటికి వచ్చేసరికి నుదురు ఖాళీ. పొయ్యి పక్కన పాల గిన్నెలో తాళి మునిగి ఉంది. మెడ చుట్టూ తాడు ఒరుసుకున్న చోట చర్మం తెల్లగా, కొత్తగా ఉంది. "సగం చేస్తే ఆయనకు చేసినట్టు కాదు మే" అంది. నేను స్నానాల గదిలోకి పోయి కుళాయి తిప్పి ఏడ్చాను.

దహనం పిళ్ళైచావడి ఒడ్డున చేశాం. నా పుస్తకంలో కుర్రవాడు కట్టుమరం తోసే ఇసుక ఇప్పుడు అక్కడ లేదు. సముద్రం తిన్నంత తినేసింది, మిగిలిన చోట రాళ్ళు పోశారు. ఆ రాళ్ళ వెనక కాస్త చదునైన చోట పురోహితుడు దర్భలతో బొమ్మ కట్టాడు, తలకు కొబ్బరికాయ పెట్టాడు. తమ్ముడి ముందు పడుకోబెట్టిన ఆ బొమ్మను చిన్నవ్వ చాలాసేపు చూసింది. "ఇంత పొట్టి కాదు" అని మాత్రం అంది. తమ్ముడు నిప్పు పెట్టాడు. దర్భ మండడానికి ఎంతసేపు పడుతుంది, మేం కళ్ళు తుడుచుకునేలోపు అయిపోయింది.

పదో రోజు పిండం కూడా అక్కడే. అన్నం పొద్దున్నే చిన్నవ్వ తనే వండింది. ఎవరినీ పొయ్యి దగ్గరికి రానివ్వలేదు. తమ్ముడు అరిటాకులో పిండం, పక్కన కూరలు, వడ పెట్టి ఒక రాయి మీద ఉంచి వెనక్కి వచ్చాడు. ఇలాంటప్పుడు కాకి తొందరగా రాదు. పోయినవాళ్ళకు తీరని కోరిక ఉంటే అస్సలు ముట్టదంటారు. అప్పుడు బంధువులు ఒక్కొక్కరే చేతులు జోడించి, నీ భార్యను చూసుకుంటాం, నీ పిల్లలను చదివిస్తాం అని మాట ఇవ్వాలి. మా నాన్నకు మిట్టమధ్యాహ్నం దాకా రాలేదు. తమ్ముడు ఏం మాట ఇవ్వాలో దారిలో నన్ను అడిగి మనసులో పెట్టుకుని వచ్చాడు.

మాట ఇచ్చే పనే పడలేదు. వాడు ఇంకా రెండు అడుగులు వెనక్కి వేయలేదు, కాకి దిగింది. దాని వెనక ఇంకోటి, ఇంకా నాలుగైదు. పిండం పోయింది, కూరలు పోయాయి, ఆకు చిరిగి రాళ్ళ మధ్య పడింది. పురోహితుడి మొహం వెలిగిపోయింది. "ఇంత తొందరగా ముట్టింది నేను చూళ్ళేదు. తృప్తి పడినాడమ్మా" అన్నాడు. తమ్ముడు గట్టిగా ఊపిరి వదిలి చేతులు జోడించాడు. నాకూ గుండె మీది బరువు దిగినట్టైంది, చిన్నవ్వ మొహం చూసేదాకా.

"చూస్తివా మే," అంది. "ఎంత ఆకలితో ఉండినాడో."

తమ్ముడు ఏదో చెప్పబోయాడు. ఆమె వినలేదు. మాకోసమని తెచ్చిన అన్నం గిన్నె నా చేతిలోంచి తీసుకుంది. ఒక చేత్తో రాళ్ళు పట్టుకుంటూ ముందుకు పోయి కూర్చుంది. పిడికెడు తీసి రాయి మీద పెట్టింది. కాకులు దిగాయి. ఇంకో పిడికెడు పెట్టింది. పట్టుకుందామని తమ్ముడి కూతురు వెనకే పోయి, ముట్టుకోలేక నిలబడిపోయింది. అడుగు మెతుకులు గోటితో గీకి పెడుతుంటే పురోహితుడు మెల్లిగా అన్నాడు. "చాలమ్మా. ఇంక చాలు, తినేసినాడు."

"మీకు తెలీదు సామీ," అంది చిన్నవ్వ, గిన్నె గీకడం ఆపకుండా. "ఆయన ఇంకొంచెం పెట్టమని అడిగే మనిషి కాదు. మనమే చూసి పెట్టాల."

ఆయన గురించి ఆమె నోటి నుంచి మేం విన్న మొదటి సంగతి అది.